ఆ ‘కి’ దేనికి తగిలిందో చూడండి, లెక్క అక్కడే మొదలైతది

ప్రశ్న: నమస్తే. మాది వనస్థలిపురం. మా పాప ఎనిమిదో తరగతి, ఇంగ్లిష్ మీడియం. ఈక్వేషన్ ఇచ్చి సాల్వ్ చెయ్యమంటే టకటకా చేస్తది, అదే వర్డ్ ప్రాబ్లమ్ అనంగనే పెన్ను కింద పెడ్తది. ‘ఒక నంబర్ ఇంకో నంబర్‌కి నాలుగు రెట్లు, రెండూ కలిపితే 85, ఆ నంబర్లేవి’ లాంటివి ఊహించి చెప్తది, ఒక్కోసారి కరెక్టే వస్తది కానీ స్టెప్స్ లేవని మార్కులు కట్ అవుతున్నయ్. మొన్న టెస్టులో మూడు నంబర్లది వచ్చింది. మొత్తం 132, రెండోది మొదటిదానికి రెండు రెట్లు, మూడోది రెండోదానికి నాలుగు రెట్లు. దానికి 18.857 అని ఏదో వచ్చిందట, ఏడ్చుకుంటా ఇంటికొచ్చింది. ట్యూషన్‌లో కీవర్డ్స్ చార్ట్ ఇచ్చి బట్టీ పట్టమన్నరు. నేను పదో తరగతి దాకా తెలుగు మీడియంలో చదివిన. ఆ ఎక్స్ అనేది ఎందుకు పెడ్తరో నాకు అప్పుడూ సరిగ్గా అర్థం కాలేదు. నేను పక్కన కూచుని చెప్పొచ్చా, లేకపోతే ఉన్నది కూడా చెడగొడ్తనా?

జవాబు:

అమ్మా, కూచోండి, తప్పకుండా కూచోండి. మీరు తెలుగు మీడియంలో చదవడం ఈ చాప్టర్ వరకైతే పాపకి అడ్డం కాదు, పెద్ద సాయం. ఉత్తగా ధైర్యం చెప్పడానికి అంటున్న మాట కాదిది, ఎందుకో చెప్తా, కొంచెం పొడుగైతది, పాపని పక్కన పెట్టుకుని ఒక నోట్‌బుక్ పెన్సిల్ తీస్కుని చదవండి.

ముందు వంటింట్లోకి పోదాం. ఇడ్లీ పిండికి మీరు ఎట్లా కొలుస్తరు? ఒక గ్లాసు మినప్పప్పుకి రెండు గ్లాసుల ఇడ్లీ రవ్వ, మామూలుగా అంతే కదా. ఇప్పుడు ఇంటికి చుట్టాలొస్తున్నరు, పప్పు రవ్వ కలిపి మొత్తం 9 గ్లాసులు నానబెట్టాలి అనుకోండి. మీరు పేపర్ పెన్ను తియ్యరు. పప్పు ఒక వంతు, రవ్వ రెండు వంతులు, కలిపితే మూడు వంతులు, తొమ్మిదిని మూడు వంతులు చేస్తే ఒక్కో వంతు మూడు గ్లాసులు, అంటే పప్పు మూడు రవ్వ ఆరు. అయిపోయింది. ‘రెండు సంఖ్యల మొత్తం 9, ఒకటి ఇంకోదానికి రెట్టింపు, ఆ సంఖ్యలేవి’ అన్న లెక్కని మీరు పొయ్యి దగ్గర నిలబడే చేసేశారు. మీరు ‘వంతు’ అన్నదాన్నే బడిలో ఎక్స్ అంటరు. ఎంతో ఇంకా తెలియదు కానీ ఏదో ఒక కొలత ఉంది, దాన్ని పట్టుకుని మిగతావన్నీ కొలుస్తున్నాం, ఆ కొలతకి పెట్టుకున్న పేరే ఎక్స్.

ఇది ఎక్కడో బయట్నుంచి వచ్చిన విద్య అని కూడా అనుకోకండి. మన పాత బీజగణితంలో తెలియని రాశిని యావత్తావత్ అనేవాళ్లు, అంటే ‘ఎంతైతే అంత’ అని. రాసేటప్పుడు పొట్టిగా ‘యా’ అని పెట్టేవాళ్లు, తెలియనివి ఇంకా ఉంటే కాలక, నీలక అని రంగుల పేర్లు పెట్టుకునేవాళ్లు. బ్రహ్మగుప్తుడు 628లో రాసిన గ్రంథంలోనే ఈ రంగుల పద్ధతి ఉంది. కాబట్టి మీ పాపకి ఎక్స్ అంటే భయమేస్తే కొన్ని రోజులు ఎక్స్ వద్దు, డబ్బా గీయమనండి, నేను కింద అట్లనే గీస్తా.

మీరు రాసిన 85 లెక్కే చూద్దాం. చిన్న నంబర్ ఒక డబ్బా, పెద్దది దానికి నాలుగు రెట్లు కాబట్టి నాలుగు డబ్బాలు.

చిన్నది: □
పెద్దది: □ □ □ □

మొత్తం ఐదు డబ్బాలు, వాటిల్లో 85 ఉంది, ఒక్కో డబ్బాలో 17. చిన్నది 17, పెద్దది 68. ఇదే ఎక్స్‌తో రాస్తే ఎక్స్ ప్లస్ నాలుగు ఎక్స్ ఈక్వల్‌టు 85, ఐదు ఎక్స్ ఈక్వల్‌టు 85. రెండిట్లో తేడా ఏమీ లేదు, డబ్బా గీసే బదులు అక్షరం రాసినం. సింగపూర్ బడుల్లో 1980ల నుంచి చిన్న క్లాసుల్లో ఇట్లా పట్టీలు గీసే నేర్పిస్తున్నరు, వాళ్లు బార్ మోడల్ అంటరు, ఎక్స్ దాని తర్వాత వస్తది. తేడా ఇచ్చినా అదే బొమ్మ పనిచేస్తది. ఒకటి ఇంకోదానికి ఐదు రెట్లు, రెండిటి తేడా 36 అన్నరనుకోండి, ఐదు డబ్బాల కింద ఒక డబ్బా గీస్తే మిగిలేవి నాలుగు డబ్బాలు, ఆ నాలుగే 36, ఒక డబ్బా 9, నంబర్లు 9, 45. చాలామంది పిల్లలు ఇక్కడ 36ని ఐదుతోనో ఆరుతోనో భాగిస్తరు, బొమ్మ గీసినవాళ్లు మాత్రం భాగించరు, ఎందుకంటే నాలుగు కళ్లకి కనిపిస్తున్నయ్.

ఇప్పుడు అసలు సంగతి, అంటే తెలుగు ఎందుకు సాయం అన్నానో అది. డబ్బా దేనికి పెట్టాలి? పిల్లలు ఆగిపోయేది ఇక్కడే, సాల్వ్ చెయ్యడం దగ్గర కాదు. మీరే రాశారు కదా ఈక్వేషన్ ఇస్తే టకటకా చేస్తదని. ఇడ్లీ పిండి దగ్గర ‘మినప్పప్పుకి రెండు గ్లాసుల రవ్వ’ అన్నాం, ఆ ‘కి’ పప్పుకి తగిలింది, రవ్వకి తగల్లేదు, అందుకే పప్పు కొలత అయింది. ‘అన్న వయసు చెల్లి వయసుకి మూడు రెట్లు’ అంటే ‘కి’ చెల్లి వయసుకి తగిలింది, డబ్బా చెల్లిది, అన్నవి మూడు డబ్బాలు. వాక్యం తిప్పి ‘చెల్లి వయసుకి అన్న వయసు మూడు రెట్లు’ అన్నా సరే, ‘కి’ చెల్లిని వదల్లేదు చూడండి. తెలుగులో మాటల వరస ఎంత మారినా ఆ ప్రత్యయం తన మాటకే అతుక్కుని ఉంటది. ఇంగ్లిష్‌లో ఏది ముందు ఏది వెనక అన్నదాన్ని బట్టి అర్థం తేలుతది, అందుకే ఇంగ్లిష్‌లో గబగబా చదివిన పిల్లలు ముందొచ్చిన పేరుకి ఎక్స్ పెట్టేస్తరు.

కాబట్టి ఇంట్లో మీరు చెయ్యాల్సిన పని ఒక్కటే, పాప ఇంగ్లిష్‌లో లెక్క చదవంగనే ‘ఏది దేనికి ఎన్ని రెట్లు, తెలుగులో చెప్పు నాన్నా’ అని అడగండి. ఆ వాక్యం తను నోటితో చెప్పాలి, మీరు చెప్పొద్దు. తర్వాత ‘కి ఎక్కడుంది’ అని అడగండి. అక్కడ డబ్బా గీస్తది. మీకు ఇంగ్లిష్ రాకపోయినా ఈ రెండు ప్రశ్నలు అడగొచ్చు.

ఒక జాగ్రత్త మాత్రం ఉంది. ‘అన్నకి చెల్లి కంటే మూడు రెట్లు పాకెట్ మనీ ఇస్తరు’ అని కూడా మనం మాట్లాడతం. ఇక్కడ ‘కి’ అన్నకి ఉంది కానీ అది ‘అన్నకి ఇస్తరు’ అన్న ‘కి’, కొలత కాదు, కొలత ఇక్కడ ‘కంటే’ అన్న మాట ముందున్న చెల్లిది. అందుకే నేను ‘ఏది దేనికి ఎన్ని రెట్లు’ అనే అచ్చులోనే చెప్పించమంటున్నా, ‘అన్న డబ్బులు చెల్లి డబ్బులకి మూడు రెట్లు’ అని తిప్పి చెప్పిస్తే ఇంక అనుమానం ఉండదు. అట్లాగే మాటల్లో మనం ‘మూడు రెట్లు ఎక్కువ’ అని వదిలేస్తుంటాం, 10 కాస్తా 30 అయిందా 40 అయిందా అని తగువు పడొచ్చు దాని మీద. స్కూల్ లెక్కల్లో ఉత్త ‘రెట్లు’ అంటే హెచ్చవేత, ‘ఇంత ఎక్కువ’ అంటే కూడిక, ఈ రెండిటినీ విడివిడిగా చూడమనండి.

తెలుగు ఇంకోచోట కూడా ఆదుకుంటది. ఒక సంఖ్యకి మూడు రెట్ల నుంచి 5 తీసెయ్యాలి అన్న సంగతిని ఇంగ్లిష్ లెక్కలో ఎట్లా ఇస్తరంటే ‘ఫైవ్ లెస్ దాన్ త్రైస్ ఎ నంబర్’ అని ఇస్తరు. ఐదు ముందొచ్చింది, సంఖ్య ఆఖర్న వచ్చింది. పిల్లలు కనబడిన వరసలోనే ఐదు మైనస్ మూడు ఎక్స్ అని రాసేస్తరు, అది తప్పు. అదే తెలుగులో చెప్పించండి, ‘ఒక సంఖ్యకి – మూడు రెట్ల నుంచి – 5 తీసేస్తే’. ముందు సంఖ్య, తర్వాత మూడు రెట్లు, తర్వాత 5 తీసెయ్యడం, మూడు ఎక్స్ మైనస్ ఐదు. ఏ వరసలో లెక్క కట్టాలో ఆ వరసలోనే మాటలొస్తున్నయ్. మన వాక్యం కట్టుబాటే అట్లాంటిది. నా దగ్గరికొచ్చే ఇంగ్లిష్ మీడియం పిల్లలు ఈ ఒక్కటి తెలిసినాక మైనస్ తిరగేసి రాయడం ఆపేయడం నేను ఎన్నోసార్లు చూసిన, ఇంట్లో అమ్మతో మాట్లాడే భాష లెక్కల్లో పనికొస్తదని తెలిసి వాళ్ల మొహాలు వెలిగిపోతయ్, అది చూస్తే నాకు చాలా సంతోషంగా ఉంటది.

కీవర్డ్స్ చార్ట్ సంగతి. దయచేసి ఆ చార్ట్ తీసి పక్కన పెట్టండి. టోటల్ అంటే కూడు, లెఫ్ట్ అంటే తీసెయ్, టైమ్స్ అంటే హెచ్చవెయ్ అని పిల్లలకి బట్టీ పట్టిస్తరు, మొదటి పది లెక్కలకి పనిచేస్తది, పదకొండోదానికి ముంచేస్తది. ‘రమ దగ్గర 24 రూపాయలున్నయ్, అది సీత దగ్గరున్నదానికి 3 రెట్లు, సీత దగ్గర ఎంతుంది?’ చార్ట్ ప్రకారం టైమ్స్ కనబడింది కాబట్టి 24 ఇంటూ 3, 72. అసలు జవాబు 8. ‘కి’ సీత డబ్బులకి తగిలింది, డబ్బా సీతది, మూడు డబ్బాలు 24. చార్ట్ చూసే పిల్ల వాక్యం చదవదు, మాటల్ని ఏరుకుంటది, అక్కడే నాకు బాధ.

ఇప్పుడు పాపని ఏడిపించిన లెక్క. మొత్తం 132. రెండోది మొదటిదానికి రెండు రెట్లు. మూడోది రెండోదానికి నాలుగు రెట్లు. 18.857 ఎక్కడ్నుంచి వచ్చిందో నాకు అర్థమైంది, 132ని 7తో భాగిస్తే వచ్చేది అది. అంటే పాప ఒక డబ్బా, రెండు డబ్బాలు, నాలుగు డబ్బాలు అని ఏడు వేసుకుంది. మూడోది మొదటిదానికి నాలుగు రెట్లు అనుకుంది అన్నమాట. కానీ లెక్కలో ‘రెండోదానికి’ అని ఉంది. రెండోదే రెండు డబ్బాలు, దానికి నాలుగు రెట్లంటే ఎనిమిది డబ్బాలు.

మొదటిది: □
రెండోది: □ □
మూడోది: □ □ □ □ □ □ □ □

పదకొండు డబ్బాలు, 132, ఒక డబ్బా 12. సంఖ్యలు 12, 24, 96. కలిపి చూడండి, 132 వస్తది. మీ పాపకి భాగహారం వచ్చు, ఈక్వేషన్ వచ్చు, ఒక్క ‘కి’ దగ్గర జారింది అంతే, ఇందుకు ఏడవాల్సిన పని లేదని నా మాటగా చెప్పండి. ఇంకోటి కూడా చెప్పండి, 18.857 చూసి ఆగిపోవడం మంచి పనే. జవాబు వింతగా ఉంది, ఎక్కడో తేడా కొట్టింది అని తనకి అనిపించింది కదా. అనిపించినాక ఏడవకుండా మళ్లీ వాక్యం దగ్గరికి పోవాలి, ఈక్వేషన్ దగ్గరికి కాదు. ఈక్వేషన్‌ని ఎన్నిసార్లు సాల్వ్ చేసినా అదే 18.857 వస్తది, తప్పు దానికన్నా ముందే జరిగిపోయింది. చెక్ చేసుకునేటప్పుడు కూడా అంతే, వచ్చిన జవాబుని తను రాసుకున్న ఈక్వేషన్‌లో పెట్టి చూస్తే తప్పు ఈక్వేషన్‌కి కూడా సరిపోతది, ప్రశ్న వాక్యంలో పెట్టి చూడాలి.

ఊహించి చెప్తది అని రాశారు, దాని మీద పాపని కోప్పడకండి. భాస్కరాచార్యుడు 1150లో రాసిన లీలావతిలో ఇష్టకర్మ అని ఒక పద్ధతి ఉంది, పేరులోనే ఉంది చూడండి, ఇష్టమొచ్చిన సంఖ్య ఒకటి అనుకుని మొదలుపెట్టడం. అందులో ఒక తామరపూల లెక్క ఉంటది. కొన్ని పూలల్లో మూడోవంతు శివుడికి, ఐదోవంతు విష్ణువుకి, ఆరోవంతు సూర్యుడికి, నాలుగోవంతు అమ్మవారికి పెట్టి పూజ చేస్తే ఇంకా ఆరు పూలు మిగిలినయ్, అవి గురువుకిచ్చారు, మొత్తం పూలెన్ని? 60 అనుకుందాం, ఎందుకంటే మూడుకీ ఐదుకీ ఆరుకీ నాలుగుకీ చక్కగా తెగుతది. 20, 12, 10, 15 పోతే 57, మిగిలేవి 3. కానీ లెక్కలో మిగిలింది 6, అంటే రెట్టింపు. కాబట్టి పూలు కూడా రెట్టింపు, 120. ఊహించడం, ఊహ ఎంత తప్పిందో కొలవడం, ఆ మేరకి సరిచెయ్యడం, ఇదంతా కలిస్తేనే పద్ధతి. మీ పాప మొదటి అడుగు వేసి ఆగిపోతున్నది. ఆ 85 లెక్కలో చిన్నది 10 అనుకుంటే పెద్దది 40, మొత్తం 50 వస్తది, కావాల్సింది 85, అంటే 1.7 రెట్లు, 10కి 1.7 రెట్లు 17. ఇట్లా రాసి చూపిస్తే అది ఊహ అని ఎవరూ అనలేరు. భాస్కరాచార్యుడి కంటే ముందే పావులూరి మల్లన అనే కవి మహావీరాచార్యుడి సంస్కృత గణిత గ్రంథాన్ని తెలుగు పద్యాల్లోకి తెచ్చాడు, పదకొండో శతాబ్దంలో, అంటే లెక్కల్ని తెలుగులో ఆలోచించడం మనకి వెయ్యేళ్ల అలవాటు, మీరు మీ డైనింగ్ టేబుల్ దగ్గర చెయ్యబోయేది కూడా అదే.

కానీ ఊహించి సరిచెయ్యడం ఒకచోట పనిచెయ్యదు, అది పాపకి ముందే చెప్పాలి, లేకపోతే నమ్మకం పోతది. రెట్లతో పాటు ‘ఇంత ఎక్కువ’ కూడా కలిసినప్పుడు. ‘ఒక సంఖ్య ఇంకోదానికి మూడు రెట్ల కంటే 5 ఎక్కువ, మొత్తం 61.’ చిన్నది 10 అనుకుంటే పెద్దది 35, మొత్తం 45, 61ని 45తో భాగించి పదితో హెచ్చవేస్తే 13.55 లాంటిది ఏదో వస్తది, తప్పు. ఎందుకంటే డబ్బాలు పెద్దవైతే అన్నీ కలిసి పెద్దవైతయ్ కానీ ఆ ఐదు పెరగదు, అది ఐదుగానే ఉంటది.

చిన్నది: □
పెద్దది: □ □ □ + 5

ముందు ఆ 5ని బయటికి తీసి పెట్టండి, 61లోంచి 5 పోతే 56, అది నాలుగు డబ్బాలు, ఒక డబ్బా 14. సంఖ్యలు 14, 47. ఈక్వేషన్‌లో 5ని అటు పక్కకి పంపితే మైనస్ అయితది అని చెప్తరు చూడండి, పక్షాంతరం అని మీరు చదివే ఉంటరు, అది మంత్రం కాదు, ఈ 5ని గిన్నెలోంచి బయటికి తీసి పెట్టడమే. రెండు వైపులా 5 తీసేస్తున్నాం, అందుకే అటువైపు మైనస్ కనబడ్తది.

మార్కుల సంగతికి వస్తా. బోర్డ్ పరీక్ష అయినా స్కూల్ టెస్ట్ అయినా స్టెప్స్ కావాలి, ఆ మాట నిజం. డబ్బాలు రఫ్ వర్క్‌లో గీసుకుని ఫెయిర్‌లో ఎక్స్‌తో రాయమనండి. మొదటి లైన్ మీద మాత్రం పట్టుబట్టండి. ‘లెట్ ఎక్స్ బి రమ’ అని రాస్తరు పిల్లలు, అది కొట్టెయ్యాలి. ఎక్స్ అంటే రమ కాదు, రమ దగ్గరున్న రూపాయలెన్నో ఆ సంఖ్య. ఇది చాదస్తం అనుకోకండి, దీనివల్లే పెద్దవాళ్లు కూడా పడిపోతరు. అమెరికాలో ఇంజినీరింగ్ మొదటి సంవత్సరం స్టూడెంట్లు 150 మందికి ఒక ప్రశ్న ఇచ్చారు, ఆ ఫలితాలు 1981లో అచ్చయినయ్. ఒక యూనివర్సిటీలో స్టూడెంట్ల సంఖ్య ప్రొఫెసర్ల సంఖ్యకి ఆరు రెట్లు, దీన్ని ఎస్, పీ అనే అక్షరాలతో ఈక్వేషన్‌గా రాయండి అని. 37 శాతం మంది తప్పు రాశారు, ఆ తప్పుల్లో ఎక్కువ భాగం ఆరు ఎస్ ఈక్వల్‌టు పీ అని తిరగేసి రాయడమే. ఎస్ అంటే ‘స్టూడెంట్లు’ అని అనుకుంటే ‘ఆరుగురు స్టూడెంట్లకి ఒక ప్రొఫెసర్’ అని చదువుకుంటరు, సరిగ్గా ఉన్నట్టే అనిపిస్తది. ఎస్ అంటే స్టూడెంట్ల ‘సంఖ్య’ అనుకుంటే, ప్రొఫెసర్లు 10 మంది ఉన్నారని పెట్టి చూస్తే స్టూడెంట్లు 60, ఆరుతో హెచ్చవెయ్యాల్సింది పీని అని వెంటనే తెలుస్తది. పాప ఈక్వేషన్ రాయంగనే ఇట్లా ఒక ఉత్త నంబర్ వేసి చూసుకుంటే చాలు, పది సెకన్ల పని. ఆఖరి లైన్‌లో ప్రశ్న ఏమడిగిందో అది రాయాలి, పెద్ద సంఖ్య అడిగితే ఎక్స్ దొరికిందని అక్కడే ఆపేసి 17 రాసి వచ్చే పిల్లలు బోలెడుమంది.

వయసుల లెక్కలు కూడా ఈ చాప్టర్లోనే ఉంటయ్, వాటికి చిన్న కిటుకు. ‘తల్లి వయసు కూతురి వయసుకి మూడు రెట్లు, 12 ఏళ్ల తర్వాత రెండు రెట్లే అవుతది.’ రెట్లు మారుతున్నయ్ కానీ ఇద్దరి మధ్య తేడా మారదు, ఎన్నేళ్లు గడిచినా తల్లి అంతే పెద్ద. ఇప్పుడు తల్లి మూడు డబ్బాలు, కూతురు ఒక డబ్బా, తేడా రెండు డబ్బాలు. 12 ఏళ్ల తర్వాత తల్లి కూతురికి రెట్టింపు కాబట్టి తేడా అప్పటి కూతురి వయసుతో సమానం. అప్పటి కూతురి వయసు ఒక డబ్బా ప్లస్ 12. రెండు డబ్బాలు అంటే ఒక డబ్బా ప్లస్ 12, కాబట్టి డబ్బా 12. కూతురికి 12, తల్లికి 36, పన్నెండేళ్లు పోతే 24, 48.

ఇంకో చిక్కు, రెట్లు వేరు గుణిజాలు వేరు. ‘వరసగా వచ్చే మూడు 7 గుణిజాల మొత్తం 126’ అంటే కొందరు ఎక్స్, రెండు ఎక్స్, మూడు ఎక్స్ అని రాస్తరు. కాదు, 7వ ఎక్కంలో పక్కపక్కన ఉన్న మూడు, ఒక్కోదానికి 7 తేడా. మధ్యదానికి డబ్బా పెడితే ముందుది 7 తక్కువ, వెనకది 7 ఎక్కువ, ఆ రెండూ పోతయ్, మూడు డబ్బాలు 126, మధ్యది 42. అంటే 35, 42, 49.

రోజూ అరగంట కూచోబెట్టి చేయించకండి, విసుగొస్తది. బయటికి పోయినప్పుడు ఒకటి రెండు చాలు. మీకు ఎల్బీ నగర్ మెట్రో దగ్గరే కదా. మియాపూర్ నుంచి ఎల్బీ నగర్ దాకా ఉన్న లైన్‌లో స్టేషన్లు జేబీఎస్ నుంచి ఎంజీబీఎస్ దాకా ఉన్న లైన్ స్టేషన్లకి సరిగ్గా మూడు రెట్లు, రెండు లెక్కలూ కలిపితే 36, ఏ లైన్‌లో ఎన్ని? రైల్లో డబ్బాలు గీయక్కర్లేదు, వేళ్ల మీదే అయిపోతది, 9, 27. తర్వాత డోర్ పైన ఉండే మ్యాప్‌లో పాపని లెక్కబెట్టమనండి. లెక్కబెడ్తుంటే ఎంజీబీఎస్ రెండు లైన్లలోనూ కనబడ్తది, అప్పుడు ‘మరి వేరువేరు స్టేషన్లు 36 ఎట్లయితయ్’ అని అడిగిందంటే పిల్ల వాక్యం చదవడం మొదలుపెట్టింది అని అర్థం, వేరువేరుగా అయితే 35 అని తనతోనే చెప్పించండి.

చివరగా ఒకటి మీ ఇద్దరికీ వదిలిపెడ్తున్నా, మీరూ పాపా విడివిడిగా చేసి కలిపి చూసుకోండి. మూడు సంఖ్యల మొత్తం 108. రెండోది మొదటిదానికి మూడు రెట్లు. మూడోది మొదటిదానిలో సగం. ఇందులో ఒక చోట ‘కి’ ఉంది, ఒక చోట ‘లో’ ఉంది, రెండూ మొదటిదానికే తగిలినయ్. కానీ మొదటిదానికి ఒక్క డబ్బానే గీస్తే మూడోదానికి సగం డబ్బా గీయాల్సొస్తది, కాబట్టి అసలు మొదటిదానికి ఎన్ని డబ్బాలతో మొదలుపెడితే ఏదీ చింపకుండా లెక్క తెగుతదో ముందు అది మాట్లాడుకోండి, తర్వాత పెన్సిల్ తియ్యండి.